భూటాన్ అడవి జంతువులు: తరచుగా అడిగే ప్రశ్నలు

భూటాన్ వెళ్లొచ్చిన దగ్గర్నుంచి చుట్టాలు, స్నేహితులు, వాళ్ల స్నేహితులు నన్ను అడిగేవి ఇంచుమించు ఒకే రకం ప్రశ్నలు. "పులి కనిపించిందా?" అని మొదలుపెట్టి "పిల్లల్ని తీసుకెళ్లొచ్చా?" దగ్గర ఆగుతారు. నేను రెండుసార్లు వెళ్లాను. మొదటిసారి కొండలు చూద్దామని, రెండోసారి కార్తీకమాసంలో కేవలం టిబెట్ నుంచి వలస వచ్చే నల్లమెడ కొంగల కోసం. అడిగిన ప్రతివాళ్లకీ మళ్లీ మళ్లీ చెప్పే బదులు అన్నీ ఒకచోట రాసిపెడితే మేలనిపించింది. మీకు కావలసిన ప్రశ్న దగ్గరికి నేరుగా వెళ్లిపోవచ్చు.

## ముందుగా వచ్చే సందేహాలు

అంత చిన్న దేశంలో ఇన్ని రకాల జంతువులు ఎలా ఉన్నాయి?

భూటాన్ విస్తీర్ణం 38,394 చదరపు కిలోమీటర్లు. అంటే తెలంగాణలో మూడో వంతు. కానీ ఆ నేల పడుకుని లేదు, నిలబడి ఉంది. దక్షిణాన అస్సాం సరిహద్దులో ఏనుగులు తిరిగే వేడి అడవులతో మొదలై, ఉత్తరాన 7,570 మీటర్ల గాంఖర్ పుయెన్సమ్ శిఖరం దాకా పోతుంది. ఈ రెండింటి మధ్య ఒక్క రోజు కారు ప్రయాణంలోనే సాల చెట్లు, ఓక్ అడవులు, దేవదారులు, పొట్టి వెదురు, చివరికి రాయీ గడ్డీ వరసగా వస్తాయి. ఒక్కో ఎత్తులో ఒక్కో రకం జంతువులు. 700కి పైగా పక్షి జాతులు ఉన్నాయి. అడవి పిల్లుల కుటుంబంలో పెద్దపులి నుంచి పల్లాస్ పిల్లి దాకా 11 జాతులు ఈ చిన్న దేశంలోనే ఉన్నాయి.

అడవులు మిగిలింది జనం తక్కువ కాబట్టేనా?

జనం తక్కువన్నది నిజమే, మొత్తం 8 లక్షలలోపే. బయటివాళ్ల రాకపోకలు కూడా చాలాకాలం లేవు. పర్యాటకుల్ని రానిచ్చింది 1974లో, టీవీ, ఇంటర్నెట్ వచ్చింది 1999లో. కానీ ఒక్క ఏకాంతమే అడవిని కాపాడిందంటే నేను ఒప్పుకోను. జనం తక్కువున్న చోట్ల కూడా కలప కోసం కొండలకు కొండలే బోడులైపోయిన ఉదాహరణలు హిమాలయాల్లోనే ఉన్నాయి. భూటాన్‌లో దీన్ని చట్టంలోకి ఎక్కించారు. 2008లో వచ్చిన రాజ్యాంగం ఐదో అధికరణం ప్రకారం దేశంలో కనీసం 60 శాతం భూమి ఎప్పటికీ అడవిగానే ఉండాలి. ఇప్పుడు దాదాపు 70 శాతం ఉంది. దేశంలో సగం భూమి జాతీయ పార్కులు, అభయారణ్యాలు, వాటిని కలిపే కారిడార్ల కిందే ఉంది. ఈ కారిడార్ల వల్లే దక్షిణాన మానస్ పార్కులో పుట్టిన పులి జనావాసాల మధ్యకి రాకుండా ఉత్తరపు కొండలకి నడిచిపోగలుగుతోంది. 6,000 మీటర్లు దాటిన శిఖరాలు ఎక్కడాన్ని 1994లో ఆపేశారు. 2003 నుంచి పర్వతారోహణే నిషేధం. గాంఖర్ పుయెన్సమ్ మీద ఇప్పటికీ మనిషి కాలు పడలేదు.

టాకిన్ అంటే ఏమిటి? అది ఆవా, మేకా?

చూడగానే అందరికీ ఈ అనుమానమే వస్తుంది. టాకిన్ భూటాన్ జాతీయ జంతువు. రాజధాని థింఫూ పైన మోతిథాంగ్‌లో కంచె వేసిన అడవిలో దాన్ని దగ్గర్నుంచి చూశాను. మెడా భుజాలూ దున్నపోతంత బలంగా ఉన్నాయి, కాళ్లు మాత్రం పొట్టి. ముక్కు పొట్టేలు ముక్కులా వంపు తిరిగి ఉబ్బుగా ఉంది. కొమ్ములు పక్కలకి వచ్చి వెనక్కి మళ్లాయి. ఒళ్లంతా తేనెరంగు బొచ్చు. తీగల కంచె అవతల నిలబడి నాలుకతో కొమ్మని లాక్కుంటుంటే దాని ఊపిరి పొగలా కనపడింది. ఒంటి మీద జిడ్డు, దాంతోపాటు ఒక రకం ఘాటు వాసన. మంచు, వాన తగలకుండా ఆ జిడ్డే దానికి రెయిన్‌కోట్.

భూటాన్ వాళ్లు చెప్పే కథ ఇది. ద్రుక్పా కున్లే అనే సాధువుని మహిమ చూపించమని జనం అడిగారట. ఆయన ముందు భోజనం పెట్టమని, ఒక ఆవునీ ఒక మేకనీ మొత్తం తినేసి, మేక తలని ఆవు ఎముకల గూటికి తగిలించి, "లే, పోయి మేత మెయ్యి" అన్నాడట. అది లేచి కొండెక్కిందట. శాస్త్రం లెక్కలో టాకిన్ గొర్రెలు, మేకల వైపు చుట్టమే. వేసవిలో నాలుగు వేల మీటర్ల గడ్డి మైదానాలకి గుంపులుగా వెళ్లి, చలికాలం లోయ అడవుల్లోకి దిగుతుంది. అంతర్జాతీయ జాబితాలో దీన్ని ముప్పు పొంచి ఉన్న జాతిగా లెక్కిస్తున్నారు.

మోతిథాంగ్ ఒకప్పుడు చిన్న జూ. జంతువుల్ని బంధించడం బౌద్ధ దేశానికి తగదని రాజుగారు వదిలేయమన్నారు. టాకిన్లు మాత్రం అడవిలోకి పోకుండా థింఫూ వీధుల్లో తిండి వెతుక్కుంటూ తిరిగాయి. అందుకే మళ్లీ కంచె వేసి చోటు ఇవ్వాల్సి వచ్చింది.

జాతీయ పక్షి కాకి అంటున్నారు, నిజమేనా?

నిజమే. మన ఇళ్ల మీద వాలే కాకి కాదు, కాకి జాతుల్లో బాగా పెద్దదైన రేవెన్. రాజుగారి కిరీటం మీద ఉండేది దాని తలే.

యతి (మంచుమనిషి) ఉందా?

ఉందనడానికి సాక్ష్యం లేదు. అక్కడి వాళ్లు దాన్ని మిగోయ్ అంటారు. 1966లో యతి బొమ్మతో తపాలా బిళ్లలు కూడా వేశారు. తూర్పు కొసన బ్రోక్పా పశువుల కాపరులు ఉండే సక్తెంగ్ అభయారణ్యం యతికి కూడా నీడ అని చెప్పుకుంటారు. ఆ నమ్మకం సంగతి ఎలా ఉన్నా, అదే అడవిలో ఎర్ర పాండాలు మాత్రం నిజంగా ఉన్నాయి.

## ముప్పులో ఉన్న జంతువుల గురించి

భూటాన్‌లో పులులు ఎన్ని?

2021-22 గణనలో 131 లెక్కతేలాయి. అంతకుముందు 2014-15లో 103. అడవిలో కెమెరా ట్రాప్‌లు పెట్టి, ఒంటి చారలని బట్టి ఒక్కో పులినీ గుర్తుపట్టి లెక్క కడతారు. మనిషికి వేలిముద్రలాగే ఏ రెండు పులుల చారలూ ఒక్కలా ఉండవు. మన నల్లమల పులి ఎండలో వాగు నీళ్లలో పడుకుంటుంది. భూటాన్ పులి నాలుగు వేల మీటర్లు దాటిన ఎత్తులో కూడా కెమెరాకి చిక్కింది, మంచు చిరుత తిరిగే కొండల్లోనే. జిగ్మే దోర్జి జాతీయ పార్కులో ఈ రెండూ ఉన్నాయి.

మంచు చిరుతలు పెరుగుతున్నాయా, తగ్గుతున్నాయా?

లెక్క ప్రకారం పెరిగాయి. 2016లో 96 అన్నారు, 2023లో ప్రకటించిన సర్వేలో 134. అయినా నిశ్చింతగా ఉండే పరిస్థితి లేదు. వాతావరణం వేడెక్కేకొద్దీ చెట్లు కొండ పైకి జరుగుతాయి, వాటితోపాటు మామూలు చిరుత, పులి కూడా పైకి వస్తాయి. మంచు చిరుతకి జరగడానికి ఇంకా పైన చోటేదీ? దాని ముఖ్యమైన ఆహారం భరల్ అనే నీలి గొర్రె. అవి తగ్గినచోట జడల బర్రె దూడల మీద పడుతుంది, అప్పుడు కాపరికి శత్రువవుతుంది.

అన్నిటికంటే ఎక్కువ ప్రమాదంలో ఉన్నది ఏది?

నన్నడిగితే తెల్లపొట్ట హెరాన్. మన చెరువుల్లో ఒంటికాలి మీద నిలబడే నారాయణపక్షికి చుట్టమే, కానీ నాలుగు అడుగులు దాటిన ఎత్తు. ముదురు బూడిదరంగు ఒళ్లు, తెల్లటి పొట్ట. ప్రపంచం మొత్తం మీద 60కి లోపే మిగిలాయని అంచనా. వాటిలో ఎక్కువ భాగం భూటాన్‌లో, మన అరుణాచల్ ప్రదేశ్‌లో నమ్‌దఫా దగ్గర ఉన్నాయి.

ఈ పక్షికి ఎక్కడంటే అక్కడ కుదరదు. స్వచ్ఛంగా పారే నది కావాలి, అందులో చేపలు కావాలి, గులకరాళ్ల ఒడ్డు కావాలి, గూటికి ఒడ్డున పొడుగాటి పైన్ చెట్టు కావాలి, మనుషుల అలికిడి ఉండకూడదు. పునాత్సంగ్‌ఛూ, మాంగ్దెఛూ నదులు అలాంటివి. ఆ నదుల మీదే జలవిద్యుత్ ప్రాజెక్టులు వచ్చాయి. భూటాన్ ఆదాయంలో పెద్ద వాటా మన దేశానికి అమ్మే కరెంటుదే. ప్రాజెక్టులు కట్టింది కూడా మన దేశం సాయంతోనే. అందుకే ఈ పక్షి సంగతి వాళ్లది మాత్రమే అనుకోవడం నాకు చేతకాదు.

1848లో పక్షి శాస్త్రవేత్త జెర్డాన్ గుర్తించిన మన కలివికోడి అనే పక్షి 1900 తర్వాత కనపడక, అంతరించిందనుకున్నాక, 1986లో కడప జిల్లా లంకమల పొదల్లో మళ్లీ దొరికింది. ఆ తర్వాత తెలుగుగంగ కాలువ దాని పొదల మీదికే వచ్చింది. ఆ కథ తెలిసినవాళ్లకి హెరాన్ కథ కొత్తగా అనిపించదు. భూటాన్‌లో ప్రకృతి పరిరక్షణ కోసం 1987లో పుట్టిన రాయల్ సొసైటీ ఇప్పుడు త్సిరాంగ్ జిల్లాలో ఒక కేంద్రం కట్టి, హెరాన్ పిల్లల్ని చేత్తో పెంచే పని మొదలుపెట్టింది.

బంగారు కొండముచ్చు ఎక్కడ కనిపిస్తుంది?

పశ్చిమ అస్సాంలోనూ, దాన్ని ఆనుకున్న భూటాన్‌లోనూ తప్ప ప్రపంచంలో ఇంకెక్కడా ఉండదు. అటు మానస్, ఇటు సంకోశ్ నదుల మధ్యే దాని ప్రపంచం. మన ఊళ్లలో తిరిగే కొండముచ్చులాగే నల్లమొహం, పొడవాటి తోక. ఒళ్లు మాత్రం మీగడ రంగు, చలికాలం ఎండపడితే అచ్చం బంగారమే. 1950లలో గానీ బయటి ప్రపంచానికి తెలియలేదు. త్రోంగ్సా నుంచి ఝెమ్‌గాంగ్ వెళ్లే రోడ్డు పక్కన చెట్ల మీద గుంపులుగా కనిపిస్తాయి. భూటాన్‌లో అంతరించే ప్రమాదంలో ఉన్న జంతువుని శ్రమ లేకుండా చూడగలిగే అవకాశం ఇదొక్కటే అనుకుంటా. కరెంటు తీగలు, రోడ్లు, కుక్కలు వాటికి పెద్ద బెడద. ఆగి చూడండి, బిస్కెట్లు మాత్రం వేయకండి. తిండి అలవాటైన కొండముచ్చు రోడ్డు మీదికొచ్చి కారు కింద పడుతుంది.

కస్తూరి నిజంగా జింక నుంచే వస్తుందా? దానికోసం చంపాలా?

అవును, వస్తుంది. మగ కస్తూరి మృగం పొట్ట కింద, బొడ్డుకి దగ్గర ఉండే చిన్న సంచిలో తయారవుతుంది. ఈ జంతువుకి కొమ్ములుండవు, పైదవడ నుంచి రెండు కోరలు కిందికి పొడుచుకొస్తాయి. వేటగాళ్లు ఎత్తైన అడవుల్లో తీగ ఉచ్చులు పన్నుతారు. ఉచ్చుకి ఆడా మగా తేడా తెలియదు, తల్లీ పిల్లా కూడా చిక్కుకుని చస్తాయి. అంటే ఒక్క సంచి కోసం చాలా ప్రాణాలు పోతాయి. "కస్తూరీ తిలకం" అని మనం భక్తితో పాడుకునే పదం వెనక ఇలాంటి జంతువు ఒకటి ఉందని తెలిశాక నాకు మనసు బరువెక్కింది. దీని వ్యాపారం భూటాన్‌లోనూ మన దేశంలోనూ నేరమే.

ఎర్ర పాండా చూడొచ్చా?

ఉంది కానీ కనపడటం చాలా కష్టం. వెదురు దట్టంగా ఉండే చల్లటి అడవుల్లో చెట్టు కొమ్మ మీద ముడుచుకుని పడుకుంటుంది. నాచు పట్టిన కొమ్మకీ దానికీ తేడా తెలియదు. రెండు ప్రయాణాల్లోనూ నాకు కనపడలేదు.

## జనం, జంతువులు

బౌద్ధ దేశం కదా, వేట అసలు ఉండదా?

తక్కువ, కానీ ఉంది. ప్రాణం తీయడం పాపమన్న నమ్మకం బలంగా ఉంది. పారో దగ్గరి తక్త్‌సాంగ్ మఠం ఉన్న కొండకి గురు పద్మసంభవుడు ఆడపులి మీద ఎగిరొచ్చాడన్న కథ పిల్లలకి కూడా తెలుసు. అయితే కస్తూరికీ, ఎలుగుబంటి పిత్తాశయానికీ, పులి ఎముకలకీ సరిహద్దు అవతల డబ్బు దొరుకుతున్నంత కాలం ఉచ్చులు పెట్టేవాళ్లు ఉంటారు. ఫారెస్ట్ గార్డులు కొండల్లో రోజుల తరబడి నడిచి వాటిని ఏరేస్తుంటారు.

అడవి జంతువులు పంట పాడుచేస్తే అక్కడి రైతులు ఏం చేస్తారు?

మన దగ్గర అడవి పందుల కోసం చేను మధ్య మంచె వేసి రాత్రంతా డప్పు కొట్టినట్టే, వాళ్లూ చిన్న గుడిసె వేసుకుని నిప్పు రాజేసి, అరుస్తూ కూర్చుంటారు. మొక్కజొన్న గింజ పట్టే రోజుల్లో ఇంటిల్లిపాదికీ నిద్ర ఉండదు. దక్షిణాన ఏనుగులు, మిగతా చోట్ల పందులు, కోతులు, ఎలుగుబంట్లు. ఇప్పుడు చాలా ఊళ్లలో కరెంటు కంచెలు, సోలార్ కంచెలు వచ్చాయి. అయినా యువకులు సేద్యం వదిలి పట్నం పోవడానికి ఈ రాత్రి కాపలా కూడా ఒక కారణం. భూటాన్ అడవిని పొగిడేటప్పుడు ఆ గుడిసెలో చలికి వణుకుతూ కూర్చున్న మనిషిని కూడా తలుచుకోవాలి. ఆ అడవికి అసలు ఖర్చు భరించేది అతనే.

రేచుకుక్కల సంగతి కూడా ఇక్కడే చెప్పాలి. పశువుల్ని చంపుతున్నాయని 1970లు, 80లలో వాటికి విషం పెట్టి చాలావరకు తుడిచిపెట్టేశారు. ఆ తర్వాత అడవి పందులు విపరీతంగా పెరిగి పంటల మీద పడ్డాయి. పందుల్ని అదుపులో పెట్టింది ఎవరో అప్పుడు అర్థమైంది. 1990లలో రేచుకుక్కలు మెల్లగా తిరిగొచ్చాయి. వాటితోపాటు పశువులు పోవడమూ మళ్లీ మొదలైంది. ఒక ఇంటికి మేలు చేసిన జంతువే పక్కింటికి నష్టం చేస్తుంది, దీనికి తేలికైన పరిష్కారం ఇంతవరకూ ఎవరికీ దొరకలేదు.

అక్కడ వీధికుక్కలు కూడా అడవి జంతువులకి ప్రమాదమంటారు, ఎందుకు?

గుంపు కట్టిన కుక్కలు జింకల్ని, ఎర్ర పాండాల్ని, నేల మీద వాలిన పక్షుల్ని తరుముతాయి, రోగాలు అంటిస్తాయి. 2023లో దేశంలోని వీధికుక్కలన్నిటికీ కుటుంబ నియంత్రణ ఆపరేషన్లు పూర్తిచేశామని భూటాన్ ప్రకటించింది. ఒక్క కుక్కనీ చంపకుండా చేసిన పని ఇది. మన ఊళ్లలో కుక్కల గొడవ చూసినవాళ్లకి అదెంత కష్టమో తెలుసు.

## వెళ్లాలనుకునేవాళ్లకి

ఏ నెలలో వెళితే మంచిది?

కొంగలకి నవంబర్ నుంచి ఫిబ్రవరి. పక్షులు, రోడోడెండ్రాన్ పూలు కలిపి చూడాలంటే మార్చి, ఏప్రిల్. జూన్ నుంచి ఆగస్టు దాకా వానలు, కొండచరియలు విరిగి రోడ్లు మూసుకుపోతాయి, జలగలు కూడా ఎక్కువ.

కొంగల లోయ అంటారే, అది ఎక్కడ? అంత విశేషం ఏముంది?

దాని పేరు ఫోబ్జిఖా. థింఫూ నుంచి దోచులా కనుమ మీదుగా కారులో సుమారు నాలుగు గంటలు, ఎత్తు 2,900 మీటర్ల దగ్గర. టిబెట్ పీఠభూమి నుంచి నల్లమెడ కొంగలు ఏటా అక్టోబర్ చివర్లో ఇక్కడికి వచ్చి, ఫిబ్రవరి, మార్చి నెలల్లో తిరిగిపోతాయి. భూటాన్ జాతీయ భాష జోంఖాలో వాటిని థ్రుంగ్ థ్రుంగ్ కర్మో అంటారు. వచ్చేటప్పుడూ పోయేటప్పుడూ గాంగ్టే మఠం చుట్టూ మూడుసార్లు ప్రదక్షిణ చేస్తాయని ఊరి నమ్మకం. 1998 నుంచి నవంబర్ 11న మఠం ఆవరణలో కొంగల పండుగ చేస్తున్నారు. బడిపిల్లలు నల్ల మెడ, తెల్ల రెక్కలు కట్టుకుని కొంగల్లా ఆడతారు.

నేను వెళ్లింది పండుగయ్యాక. సాయంత్రం నాలుగున్నరకే లోయ నీడలో పడిపోయింది. చిత్తడి గడ్డి గోధుమరంగులో ఉంది. ముందు శబ్దం వచ్చింది, దూరంగా బూర ఊదినట్టు. ఆ తర్వాత కొండ అంచు మీదుగా ఐదు, వాటి వెనక ఏడు, ఇంకో మూడు. కాళ్లు కిందికి వేలాడేసుకుని, రెక్కలు కదపకుండా జారుకుంటూ దిగాయి. తోక వైపు నల్లటి ఈకలు చీర కుచ్చెళ్లలా విచ్చుకున్నాయి. నేల తగిలాక రెండడుగులు పరిగెత్తి ఆగాయి. పక్కనే ఆలుగడ్డ తవ్విన పొలంలో ఒక పెద్దావిడ గంప సర్దుకుంటూ తల కూడా ఎత్తలేదు, ఆవిడకి రోజూ చూసేదే. నాకు మాత్రం చలికి కాదు, ఇంకెందుకో కళ్లు నీళ్లు తిరిగాయి.

ఆ లోయకి కరెంటు వచ్చినప్పుడు ఎగిరే కొంగలు తగులుకోకుండా తీగల్ని భూమిలోంచి వేశారు. అందువల్ల లోయ మధ్యలో ఎక్కడా స్తంభాలు అడ్డురావు. సమాచార కేంద్రంలో టెలిస్కోపు ఉంటుంది. రెక్క దెబ్బతిని ఎగరలేకపోయిన కర్మ అనే కొంగని సాకింది కూడా అక్కడే.

పులి సఫారీ ఉంటుందా?

మన జీప్ సఫారీల్లాంటివి ఆశించి వెళ్లకండి. పులి కనపడే అవకాశం లేదనే అనుకోండి. ఏనుగులు, అడవిదున్నలు, హార్న్‌బిల్ పక్షులు కావాలంటే దక్షిణాన రాయల్ మానస్ జాతీయ పార్కుకి వెళ్లొచ్చు. దాని సరిహద్దు దాటితే అస్సాం మానస్. ఒకే అడవి, రెండు దేశాలు.

మనవాళ్లకి పాస్‌పోర్ట్ కావాలా? ఖర్చు ఎంత?

పాస్‌పోర్ట్ గానీ ఓటర్ కార్డు గానీ చాలు, ఆధార్ చెల్లదు. పిల్లలకి పాస్‌పోర్ట్ లేదా జనన ధ్రువీకరణ పత్రం తీసుకెళ్లాలి. భారతీయులకి ఒక్కో రాత్రికి 1,200 రూపాయల రుసుము ఉంది, ఆరేళ్లలోపు పిల్లలకి లేదు. ఇవి మారుతుంటాయి కాబట్టి బయలుదేరే ముందు ఒకసారి చూసుకోండి. హైదరాబాద్ నుంచి బాగ్డోగ్రా దాకా విమానం, అక్కడి నుంచి కారులో మన సరిహద్దు ఊరు జైగావ్, గేటు దాటితే భూటాన్ ఊరు ఫుంట్‌షోలింగ్. రైల్లో అయితే హాసీమారా స్టేషన్ దగ్గర.

పిల్లల్ని, పెద్దవాళ్లని తీసుకెళ్లొచ్చా?

తీసుకెళ్లొచ్చు. మా అత్తగారు 67 ఏళ్ల వయసులో ఫోబ్జిఖా దాకా వచ్చారు. రోడ్డు మలుపులకి వాంతులవుతాయి, ముందే మాత్ర వేసుకోవాలి. గుండె జబ్బు, ఆయాసం ఉన్నవాళ్లు డాక్టర్‌ని అడిగి వెళ్లడం మంచిది. నవంబర్ రాత్రులు సున్నా కిందికి పోతాయి, గదిలో బుఖారీ అనే కట్టెల పొయ్యి వెలిగిస్తారు. ఉన్ని సాక్సులు రెండు జతలు ఎక్కువే పెట్టుకోండి.

అక్కడ ఏం చేయకూడదు?

కొంగల చిత్తడిలోకి దిగకూడదు. ఫోటో కోసం ఒక్కరు దగ్గరికెళ్లినా గుంపంతా లేచిపోతుంది, చలిలో అవి వృథా చేసే ఒక్కో ఎగురూ వాటి ఒంట్లో కొవ్వుని కరిగిస్తుంది. డ్రోన్‌కి అనుమతి లేకుండా చేయి పెట్టకండి. కస్తూరి, గోళ్లు, కోరలు, ఎముకల పొడి ఎవరు చూపించినా కొనకండి, నకిలీ అని తెలిసినా సరే. నకిలీకి గిరాకీ ఉన్నచోట అసలుకీ ధర పెరుగుతుంది. ఎర్రరంగు, ముదురు పసుపు బట్టలు కాకుండా మట్టిరంగువి వేసుకుని, చీకటి పడకముందే సమాచార కేంద్రం కిటికీ దగ్గర చోటు చూసుకుని కూర్చోండి. నాలుగు గంటల కల్లా వెళితే చాలు.